చందాలతో వచ్చిన చూపు

మన పురాణాల్లో ఛాయాగ్రాహిణి ఒక్కతే గుర్తొస్తుంది. సింహిక. సముద్రం మీద ఎగిరిపోతున్న హనుమంతుడి నీడ పట్టుకుని, నీడతో బాటు అతన్నీ కిందికి లాగబోయిన ఆడమనిషి. ఆవిణ్ణి రాక్షసి అన్నాం. హనుమంతుడు నోట్లోంచి లోపలికి దూరి మర్మస్థానాలు చీల్చి చంపేస్తే, సుందరకాండ పారాయణ చేసే మా అమ్మమ్మలు కళ్ళకద్దుకుని తర్వాతి సర్గలోకి వెళ్ళిపోయేవారు. అదే విద్య యంత్రంగా మారి మగవాళ్ళ చేతికి వచ్చాక దానికి ఛాయాగ్రహణం అని గౌరవమైన పేరొచ్చింది. సినిమా టైటిల్స్‌లో దర్శకుడి పేరుకి కాస్త ముందు ఒక ప్రత్యేకమైన కార్డొచ్చింది. ఛాయాగ్రాహకుడు అని రాయడం మన చేతులకి అలవాటైపోయింది. స్త్రీలింగం రాయాల్సి వచ్చినప్పుడు ఇప్పటికీ కలం ఒక్క క్షణం ఆగుతుంది.

మాట సంగతి ఎలా ఉన్నా, ఆ కథలో నన్ను వదలని ప్రశ్న ఇంకొకటుంది. నీడ ఎవరిది? పడ్డవాళ్ళదా, పట్టుకున్నవాళ్ళదా? ఎదుటి మనిషిని చూసి, ఆ చూపుని భద్రం చేసి, ఆ మనిషికి ముక్కూ మొహమూ తెలియని లక్షమందికి చూపించేవాళ్ళు ఆమెకి ఏమైనా బాకీ పడతారా? పడితే ఎలా తీర్చాలి?

సినిమాల గురించి స్త్రీవాదులం తక్కువేమీ రాయలేదు. కథల్లో పితృస్వామ్యం గురించి రాశాం, పాటల్లో బూతు గురించి రాశాం, హీరోల మీదా నిర్మాతల మీదా కోప్పడ్డాం. కెమెరా పట్టుకున్న మనిషి మాత్రం మన విమర్శలో కూడా కెమెరా వెనకే ఉండిపోయాడు. బాగా తీశాడు అని ఒక వాక్యం, అంతే. ఆ ఒక్క వాక్యంతో సరిపెట్టడం నాకిప్పుడు న్యాయంగా తోచడం లేదు. అతనికీ న్యాయం కాదు, మనకీ కాదు.

ఈమధ్య ఎం.వి. రఘు పనిచేసిన సినిమాలు వరసపెట్టి మళ్ళీ చూశాను. 1984లో వంశీ 'సితార', 1985లో 'అన్వేషణ', 1986లో విశ్వనాథ్ గారి 'స్వాతిముత్యం', 'సిరివెన్నెల'. గోదావరి జిల్లా మనిషిగా నాకు వీటి మీద కొంత పక్షపాతం ఉంది. వంశీది పసలపూడి. 'స్వాతిముత్యం' కొంత మా రాజమండ్రి పరిసరాల్లో తీశారు. మా వైపు వెలుతురు గురించి బైటివాళ్ళకి ఒక మాట చెప్పాలి. ఇక్కడ ఎండ రెండు వైపులనుంచి వస్తుంది, పైనుంచి ఒకటి, కాలవ నీళ్ళ మీంచి ఇంకొకటి. సినిమా వాళ్ళు వెండిరేకు అతికించిన రిఫ్లెక్టర్లు మోసుకొచ్చి ఏ పని చేయిస్తారో, ఆ పని ఇక్కడ కాలవే చేస్తుంది. 1852లో ధవళేశ్వరం ఆనకట్ట పూర్తయినప్పుడు కాటన్ దొరకి తను కెమెరామన్లకి కూడా ఉపకారం చేస్తున్నానని తెలిసి ఉండదు. గట్టు మీద నిలబడ్డ మనిషి గడ్డం కింద కూడా మెత్తటి వెలుగుంటుంది. అందుకే మా ఊళ్ళలో తీస్తే ఎవరైనా అందంగా ఉంటారు. ఎవరైనా అంటున్నాను గానీ, అది నిజం కాదని తర్వాత చెబుతాను.

ఈ సినిమాల్లో నన్ను ఆశ్చర్యపరిచింది ఆ అందం కాదు. వీటిలో కొన్ని చూడ్డం గురించే తీసిన సినిమాలు కావడం. వంశీ సొంత నవల 'మహల్లో కోకిల' ఆధారంగా వచ్చిన 'సితార'లో, కోట గోడల మధ్య బైటి వెలుగు తగలకుండా పెరిగిన ఆడపిల్లని బైటికి తెచ్చేది ఒక ఫొటోగ్రాఫరు. కెమెరా ఆమెకి తలుపు తెరుస్తుంది. తర్వాత అదే వెలుగు ఆమె దాచుకున్న గతం మీద కూడా పడుతుంది. 'సిరివెన్నెల'లో వేణువు వాయించే హరికి కళ్ళు లేవు, బొమ్మలు వేసే సుభాషిణికి మాట లేదు. మొదటిసారి చూసినప్పుడు వాళ్ళిద్దర్నీ చూసి ఏడ్చాను. ఈసారి ఏడవలేదు, లెక్క చూశాను. కళ్ళున్నది ఆడమనిషికి. తను చూసినదాన్ని నోటితో చెప్పే శక్తి ఆమెకి ఇవ్వలేదు. విశ్వనాథ్ గారు అలా ఉద్దేశించి చేశారని నేననను. కథలు తమకి తెలియకుండానే నిజాలు చెబుతుంటాయి.

ఆ తర్వాత, ఇంతకాలం ఇంకొకళ్ళ కోసం చూసిన ఈ మనిషి 1988లో తనే దర్శకుడై ఒక సినిమా తీశాడు. దాని పేరు 'కళ్ళు'. మూలం గొల్లపూడి మారుతీరావు నాటకం. గుడ్డి బిచ్చగాళ్ళ గుంపు ఒకటి. ఆపరేషన్ చేస్తే వాళ్ళలో ఒకడికి చూపు వచ్చే వీలుంది. అందరూ అడుక్కున్న డబ్బులు పోగేసి అతనికి ఆపరేషన్ చేయిస్తారు. ఒక్కడికి కళ్ళొస్తే గుంపంతటికీ కళ్ళొచ్చినట్టే అనుకుంటారు. చూపొచ్చాక అతనికి లోకం కనబడుతుంది. లోకంతో బాటు తన వాళ్ళ గుడ్డితనం కూడా మొదటిసారి కనబడుతుంది. దాన్ని వాడుకుంటాడు.

వృత్తిరీత్యా కంటితో బతికిన మనిషి, తనకంటూ ఒక అవకాశం రాగానే ఈ కథ ఎంచుకోవడాన్ని యాదృచ్ఛికం అనుకోలేకపోతున్నాను. ఆయన మనసులో ఏముందో నేను చెప్పను, ఆ హక్కు నాకు లేదు. కథ చెప్పేది మాత్రం స్పష్టంగా ఉంది. అతని చూపు అతని సొత్తు కాదు. చూడలేనివాళ్ళ చందాలతో వచ్చింది. అప్పిచ్చినవాళ్ళు పత్రం రాయించుకోలేదు, అందుకే ఎగ్గొట్టడం అంత తేలికైంది.

నాకు కెమెరా అంటే ఇప్పుడు ఇదే గుర్తొస్తుంది. ముందు నిలబడ్డవాళ్ళు తమని తాము చూసుకోలేరు. తమ వీపు ఎలా ఉందో, నడుస్తుంటే ఒంటి మీద బట్ట ఎలా కదులుతోందో, ఏడుస్తున్నప్పుడు మొహం ఎలా వంకర పోతోందో వాళ్ళకి తెలియదు. ఆ తెలియనితనాన్ని కెమెరా వెనకున్న మనిషికి నమ్మకంగా అప్పజెబుతారు. అందరూ కలిసి ఒక్కరికి కళ్ళిచ్చినట్టే.

దీనికి వెంటనే ఒక జవాబొస్తుంది. కెమెరామన్ కూలికి పనిచేసేవాడు, చెప్పింది చేస్తాడు, అతన్నేం అంటారు? ఈ జవాబుని నేను తేలిగ్గా తీసెయ్యను. ఫిల్ము రోజుల్లో నాలుగు వందల అడుగుల డబ్బా నాలుగున్నర నిమిషాలు తిరిగేది. ప్రతి అడుగుకీ నిర్మాత గుండె కొట్టుకునేది. సూర్యుడు దిగిపోతుంటే హీరోయిన్ కారవాన్లోంచి రాకపోవడం, లైట్‌బాయ్‌లకి భోజనం ఆలస్యం కావడం, ఇవన్నీ అతని నెత్తినే ఉంటాయి. నిజమే. కానీ దర్శకుడు 'ఆవిడ ఇక్కణ్ణుంచి అక్కడికి నడుస్తుంది' అంటాడు. ఆ నడకని కంటి ఎత్తునుంచి చూడాలా, నడుం ఎత్తునుంచి చూడాలా అన్నది ట్రైపాడ్ కాళ్ళు బిగించే చోట తేలుతుంది. దగ్గరికెళ్ళి ఆమెకి తెలిసేలా చూడ్డం, దూరంగా నిలబడి పెద్ద లెన్సుతో ఆమెకి తెలియకుండా చూడ్డం ఒకటి కాదు. కూలివాడికీ ఈ పాటి చోటుంది. దర్జీ కొలత తీసుకునేటప్పుడు టేపు ఎక్కడ ఆపాలో యజమాని చెప్పడు కదా.

దర్జీ అనగానే మనకి 'లేడీస్ టైలర్' గుర్తు రాక తప్పదు. 1986, వంశీ దర్శకత్వం, హరి అనుమోలు కెమెరా. కుడితొడ మీద పుట్టుమచ్చ ఉన్న అమ్మాయిని చేసుకుంటే కలిసొస్తుందని నమ్మిన సుందరం, ఆ మచ్చ కోసం ఊళ్ళో ఆడపిల్లల వెంట పడతాడు. కోనసీమ అంత పచ్చగా కనబడ్డ సినిమాలు అరుదు. మా ఇంట్లో ఆడవాళ్ళందరం పడీ పడీ నవ్వాం. ఇప్పుడు టీవీలో వచ్చినా కూచుంటాను, కొన్నిచోట్ల నవ్వుతాను కూడా. స్త్రీవాదులకి హాస్యం తెలియదనే అపవాదు భరించే ఓపిక నాకు లేదు. కానీ చూడండి, కథ సుందరం చూపుని ఎగతాళి చేస్తుంది, చివరికి అతన్ని సిగ్గుపడేలా చేస్తుంది. కెమెరాకి ఆ సిగ్గు లేదు. సుందరం ఎక్కడ చూడాలని తంటాలు పడతాడో అక్కడికి అది అతనికంటే ముందే వెళ్ళి కూచుంటుంది. అతని తప్పు మీద నవ్వుకుంటూనే ఆ తప్పులో వచ్చే లాభం మనకి పంచిపెడుతుంది. కథకీ చూపుకీ మధ్య ఉండే ఈ తేడాని పట్టుకోవడం మనకింకా అలవాటు కావాలి.

ఈ తేడాకి పేరు పెట్టిన వ్యాసం, లారా మల్వీ దృశ్యానందం గురించి రాసినది, 1975లో 'స్క్రీన్' పత్రికలో వచ్చింది. సినిమాలో చూసేది మగవాడు, చూడబడేది ఆడది అనే వాదన అక్కణ్ణుంచే మన క్లాసురూముల్లోకి వచ్చింది. అదే 1975లో బాపు 'ముత్యాలముగ్గు' విడుదలైంది. దాని ఛాయాగ్రాహకుడు ఇషాన్ ఆర్యకి జాతీయ అవార్డొచ్చింది. నాటకాలనుంచీ ప్రకటనల చిత్రాలనుంచీ వచ్చి, అంతకుముందు 'గరం హవా' తీసిన మనిషి. ఇస్మత్ చుగ్తాయ్ కథ, దేశవిభజన తర్వాత ఆగ్రాలో మిగిలిపోయిన ముస్లిం కుటుంబం. అప్పు తెచ్చుకున్న కెమెరాతో, చాలీచాలని డబ్బుతో తీసిన ఆ సినిమాలో అమీనా చనిపోయే దృశ్యం ఒక్కసారి చూసినవాళ్ళకి చాలు. ఆ పిల్ల శరీరం మీద కెమెరా ఎక్కడా లాభపడదు.

అదే మనిషి తెలుగులోకి వచ్చి తీసిన కథ ఏమిటి? సీత కథే. లక్ష్మి పడగ్గదిలో కుట్రదారులు పరాయి మగవాణ్ణి పెడతారు. భర్త కళ్ళారా చూస్తాడు. చూసింది నిజమనుకుని గర్భిణిని వదిలేస్తాడు. కాకినాడ మనిషి సి. పుల్లయ్య 1934లో 'లవకుశ' తీసినప్పుడు ఆడవాళ్ళు బళ్ళు కట్టుకుని వెళ్ళి చూశారని పెద్దవాళ్ళు చెప్పేవారు. 1963లో రంగుల్లో వచ్చినప్పుడూ అంతే. విన్నమాట మీద ఒకళ్ళని, చూసిన దృశ్యం మీద ఇంకొకళ్ళని అడవికి పంపడం మన ప్రేక్షకురాళ్ళకి అంత దగ్గరి కథ. కళ్ళతో చూశాను అనే మాటకి ఆడవాళ్ళ బతుకులో ఎంత బరువుందో మీకు చెప్పక్కర్లేదు. 'ముత్యాలముగ్గు'లో నాకు ఎక్కువ నచ్చేదేమిటంటే, భర్త చూసినదాన్ని మనం నమ్మకుండా ఉండేందుకు కావలసింది కెమెరా మనకి ముందే చూపిస్తుంది. చూపు సాక్ష్యం కాదని తెలుసుకున్న ప్రేక్షకులం అవుతాం. రెండున్నర గంటలపాటైనా. బైటికొచ్చాక ఎంతమంది మొగుళ్ళు ఆ పాఠం గుర్తుంచుకున్నారన్నది వేరే సంగతి.

మల్వీ వాదన నాకు చాలాకాలం సరిపోయింది. తర్వాత సరిపోలేదు. చూసే మగవాడు, చూడబడే ఆడది అన్న ఆ లెక్కలో అసలు చూడబడని ఆడవాళ్ళు ఎక్కడున్నారు? ఈ ప్రశ్న 1992లో బెల్ హుక్స్ నల్లజాతి ప్రేక్షకురాళ్ళ తరఫున అడిగింది. గోగు శ్యామల సంపాదకత్వంలో 'నల్లపొద్దు' వచ్చినప్పుడు దళిత స్త్రీలు మన మధ్య నిలబడి అడిగారు. కెమెరా విషయంలో ఇది ఉపమానం కాదు, అచ్చమైన సాంకేతిక విషయం. ఫ్రేములో తెల్లగా ఉన్న మొహం ఒకటీ నల్లగా ఉన్న మొహాలు పదీ ఉంటే, లెన్సు ఎంత తెరవాలో ఒక్క మొహాన్ని బట్టే నిర్ణయించాలి. మీటరు ఎవరి బుగ్గ దగ్గర పెడితే వాళ్ళకి న్యాయం జరుగుతుంది. మన సినిమాల్లో అది హీరోయిన్ బుగ్గ. ఆమె పక్కన ఊడ్పుల్లో వంగిన కూలి ఆడవాళ్ళు ఆ లెక్కలో మసకగా, ఆకారాలుగా మిగిలిపోతారు. ఫిల్ము తయారీలోనే ఈ మొగ్గు ఉండేది. కొడాక్ కంపెనీ లాబుల్లో రంగులు సరిచూసుకోవడానికి పంపిన కార్డుల మీద దశాబ్దాల పాటు ఉన్నది తెల్లమ్మాయి బొమ్మే. ఆ మొహం సరిగ్గా వస్తే రంగు సరిగ్గా ఉన్నట్టు. ముదురు రంగులు పట్టేలా ఫిల్ముని మెరుగుపరచడానికి చాక్లెట్లు, కొయ్యసామాన్లు అమ్మేవాళ్ళ ఫిర్యాదులు కూడా కారణమట. నల్లటి మనుషులు కనబడడం లేదన్నది అంత పెద్ద ఫిర్యాదుగా తోచలేదు కాబోలు.

మా వెలుతురులో అందరూ అందంగా ఉంటారన్న మాట నిజం కాదని ఇందుకే అన్నాను. కాలవ అందరి మీదా వెలుగు పడేస్తుంది. మీటరు పట్టుకున్న చెయ్యి దాన్ని మళ్ళీ పంచుతుంది.

మా పెద్దమ్మ ఒకావిడ ఉండేది. చిన్నప్పుడు వాళ్ళ ఊళ్ళో ఏదో సినిమా తీస్తుంటే, రేవులో నీళ్ళు ముంచుకుని మెట్లెక్కి రమ్మన్నారట. ఏడుసార్లు ఎక్కించారు. ఏడుసార్లూ నిండు బిందె. ఖాళీ బిందెతో నడిస్తే నడక మారిపోతుందని ఒప్పుకోలేదట. ఆ పరిశీలనకి మెచ్చుకోవాలి, కెమెరామన్ పనితనం అంటే అదే. సినిమా వచ్చాక రెండుసార్లు వెళ్ళింది. "నా బిందె కనబడిందే, నేను కనపళ్ళేదు," అనేది. ఆవిడకి అది ఫిర్యాదు కూడా కాదు. నవ్వుతూ చెప్పేది. బిందె ఇత్తడిది, బాగా తోమింది, ఎండలో తళుక్కుమంది. మీటరు దాన్ని చూసింది. నాకు మాత్రం ఆ నవ్వు ఇప్పటికీ మింగుడు పడదు. ఏడు బిందెల బరువు ఆవిడ ఇచ్చిన చందా.

శ్రమ కనబడకుండా అందం కనబడడం మా జిల్లాలకి కొత్త కాదు. నరసాపురం లేసు సంగతి మీలో చాలామందికి తెలుసు. మరియా మీస్ 1982లో దాని మీద పుస్తకం రాసింది. విదేశాలకి ఎగుమతయ్యే సరుకు అల్లుతున్న వేలమంది ఆడవాళ్ళు కార్మికుల లెక్కలోకి రాకుండా, ఇంట్లో ఊరికే కూచుని కాలక్షేపానికి అల్లుకునే గృహిణులుగా ఎలా మిగిలిపోయారో అందులో చూపించింది. అరుగు మీద కూచుని లేసు అల్లుతున్న పడుచు, పక్కనుంచి పడుతున్న సాయంకాలపు ఎండ, ఇలాంటి షాటు తీయాలని ఏ కెమెరామన్‌కి ఉండదు? ఆ అమ్మాయి అరుగు మీదికి వచ్చింది అందం కోసం కాదు. లోపల వెలుతురు చాలక, కళ్ళు లాగేస్తుంటే వచ్చింది. ఛాయాగ్రాహకుడికీ ఆమెకీ వెలుతురుతోనే పని. ఒకరిది కళ, ఇంకొకరిది కాలక్షేపం.

అయితే ఆడవాళ్ళ చేతికి కెమెరా వస్తే సరిపోతుందా? రావడానికే చాలాకాలం పట్టింది. 1968లో సావిత్రి దర్శకత్వం వహించిన 'చిన్నారి పాపలు'లో కథ, సంగీతం, కళ, నృత్యాలు ఆడవాళ్ళవే. కెమెరా మగవాళ్ళది. మన దేశంలోనే కాదు, ఆసియాలోనే మొదటి మహిళా ఛాయాగ్రాహకురాలిగా చెప్పుకునే బి.ఆర్. విజయలక్ష్మి 1985లో భాగ్యరాజ్ తమిళ చిత్రం 'చిన్నవీడు'తో వచ్చింది. దర్శక నిర్మాత పంతులు గారి కూతురు కాబట్టి సెట్టులోకి రాగలిగింది. కాకపోయుంటే గేటు దగ్గరే ఆగిపోయేదేమో. 2002లో రేవతి 'మిత్ర్' తీసినప్పుడు ఫౌజియా ఫాతిమా కెమెరా పట్టింది. తెలుగులో 'ఆకాశమంత', 'గౌరవం' సినిమాలకి ప్రీత పనిచేసింది. ఛాయాగ్రహణానికి జాతీయ అవార్డు కథాచిత్రాల విభాగంలో మొదటిసారి ఒక స్త్రీకి వచ్చింది 2010లో, మలయాళ చిత్రం 'కుట్టిస్రాంక్'కి అంజులీ శుక్లాకి. ఆస్కార్లు 1929లో మొదలైతే, ఈ విభాగంలో ఒక స్త్రీ పేరు నామినేషన్ దాకా వెళ్ళింది 2018లో, రేచల్ మారిసన్. కెమెరా బరువు, ఆడవాళ్ళు మొయ్యలేరు అని చెప్పేవారు. వరిపనలు మోసే ఆడవాళ్ళున్న జిల్లాలో పుట్టి ఆ మాట వింటే ఏమనాలో తోచదు.

కానీ 2017లో దేశవ్యాప్తంగా మహిళా సినిమాటోగ్రాఫర్లు ఒక సంఘంగా ఏర్పడినప్పుడు నేను సంతోషించినది, వాళ్ళ చూపు మనకంటే పవిత్రంగా ఉంటుందని కాదు. ఆడదాని చూపు అని ఒకటి పుట్టుకతో వస్తుందని నేను నమ్మను. మా పెద్దమ్మ బిందె మీదే మీటరు పెట్టే ఆడపిల్లలు ఉంటారు, ఉన్నారు. పెళ్ళిచూపుల్లో కోడలి ఒళ్ళు ఎక్కాదిగా చూసేది ఎవరు? 'కళ్ళు'లో చూపొచ్చినవాడు కూడా గుడ్డివాళ్ళలోంచి వచ్చినవాడే. తనవాళ్ళ బాధ తెలిసినవాడే. ఎక్కణ్ణుంచి వచ్చామన్నది అప్పు తీర్చదు. అప్పుందని గుర్తు మాత్రం చేస్తుంది, అది కూడా గుర్తుపెట్టుకుంటేనే.

టెలివిజన్ సంగతి చెప్పకపోతే ఈ వ్యాసం సగంలో ఆగినట్టే. సినిమా కెమెరామన్లకి టీవీ అంటే చులకన ఉండేది. 2001లో మొదలైన 'అమృతం' సీరియల్‌కి పనిచేసిన కె.కె. సెంథిల్ కుమారే తర్వాత 'బాహుబలి' తీశాడు, అంచేత ఆ చులకన ఇప్పుడు తగ్గి ఉండాలి. నాకు భయం సీరియళ్ళ గురించి కాదు. సీరియల్లో వెలుగు చదునుగా ఉంటుంది, అత్తా కోడలూ పనిమనిషీ అందరి మీదా ఒకేలా పడుతుంది, ఒక రకంగా సామ్యవాదం. భయం ప్రత్యక్షప్రసారం గురించి. అక్కడ నటి లేదు, ఒప్పందం లేదు, రెండో టేకు లేదు.

2003లోనూ 2015లోనూ గోదావరి పుష్కరాలప్పుడు ఘాట్ల మీద కెమెరాలు పెట్టారు. తడిబట్టలతో మెట్లెక్కుతున్న ఆడవాళ్ళు ఇళ్ళలో టీవీల్లో కనబడ్డారు. వాళ్ళు నదికి వచ్చారు, తెర మీదికి రాలేదు. భక్తి అనే మాట అడ్డం పెడితే ఎవరూ అభ్యంతరం చెప్పరు. 2015 జూలై 14న, మొదటి రోజు పొద్దున్నే రాజమండ్రి పుష్కరఘాట్‌లో తొక్కిసలాటలో 27 మంది పోయారు. ఎక్కువమంది ఆడవాళ్ళు. ఆ ఉదయం ఘాట్‌లో జరిగిన చిత్రీకరణ గురించి, అదే ముహూర్తానికి మునగాలన్న ప్రచారం గురించి తర్వాత చాలా వాదాలు జరిగాయి, విచారణ సంఘమూ కూచుంది. ఆ వాదాల్లోకి నేను వెళ్ళను. ఆ మధ్యాహ్నం టీవీలో చూసినదే చెబుతాను. ఊడిపోయిన చీరలు, జారిన పైటలు, నోళ్ళు తెరుచుకున్న మొహాలు. మళ్ళీ మళ్ళీ అవే. ఒక ఛానల్లో కెమెరా ఒక ముసలావిడ దగ్గరికి వెళ్ళి, ఒక్క క్షణం తర్వాత పక్కనున్న చెప్పుల కుప్ప మీదికి తిరిగిపోయింది. చేయి అలిసి తిరిగిందో, పైనుంచి చెబితే తిరిగిందో, ఆ మనిషికే తోచి తిరిపాడో నాకు తెలియదు. ఆ రోజు నేను చూసినవాటిలో మర్యాద అనిపించినది అదొక్కటే. వార్తకి ఏ నష్టమూ జరగలేదు. ఎంతమంది పోయారో చెప్పులు చెబుతూనే ఉన్నాయి.

నా దగ్గర డిగ్రీ చదివిన కోనసీమ అమ్మాయి ఒకతె పెళ్ళి వీడియోలతో మొదలుపెట్టి ఇప్పుడు హైదరాబాదులో సీరియళ్ళకి కెమెరా అసిస్టెంటుగా చేస్తోంది. పోయిన సంక్రాంతికి వచ్చింది. అప్పగింతలప్పుడు పెళ్ళికూతురు ఏడుస్తుంటే జూమ్ చెయ్యకపోతే డబ్బులివ్వరండీ మేడమ్ అంది. చేస్తుంది. రెండ్రోజులాగి ఎడిటింగుకి ముందు ఆ అమ్మాయికే ఫోన్ చేసి, ఏవి ఉంచమంటారు, ఏవి తియ్యమంటారు అని అడుగుతుందట. సగం మంది తీసెయ్యమంటారు. అత్తగార్లు మాత్రం ఏడుపు లేకపోతే పెళ్ళి ఏం బావుంటుందని గొడవ. ఒకసారి అలాంటి గొడవలోనే బాకీ మూడువేలు ఎగ్గొట్టారు. అది చెప్పి నవ్వింది.

2027లో మళ్ళీ పుష్కరాలు. ఘాట్ల దగ్గర షూటింగుకి ఇప్పట్నించే మనుషుల్ని మాట్లాడుకుంటున్నారట, ఆమెకి కూడా కబురొచ్చింది. ఆడవాళ్ళ రేవు వైపు పెద్ద లెన్సు తిప్పనని ఒప్పందంలో రాయించుకోవచ్చా మేడమ్ అని అడిగింది. రాయించుకుంటే వాళ్ళు ఇంకొకళ్ళని పిలుచుకుంటారేమో, అప్పుడా ఇంకొకళ్ళు ఎలా తీస్తారో అని కూడా తనే అంది. వంటింట్లో నిలబడి చాలాసేపు మాట్లాడుకున్నాం. లాయరుగా ఉన్న నా స్నేహితురాలి నంబరు రాసిచ్చాను. ఒప్పందం కాయితం రాగానే పంపమన్నాను.